భుజం మీద రెండు వేళ్ళు

ఐస్ హాకీ జట్టుకు ఫిజియోథెరపిస్టుగా పనిచేశానని చెబితే మా నెల్లూరులో ఇప్పటికీ ఎవరూ నమ్మరు. ఉద్యోగం వచ్చిందని ఫోన్ చేసిన రోజు మా అమ్మ, "ఏందే, ఆ ఎడార్లో ఐసు మీద ఆటేంది? అల్లుడు రువైస్‌లో ఎండకి మాడతా ఉంటే నువ్వు చలికి వణకతా కూర్చుంటావా?" అంది. ఎగతాళికి అన్నా చివరికి జరిగింది అదే. మా ఆయన రువైస్ రిఫైనరీలో పని, వారానికోసారి ఇంటికి వచ్చేవాడు. నేను అబుదాబిలో ఒక కాలేజీ అమ్మాయిల జట్టు వెంట ఉండేదాన్ని. మండే ఎండలో టాక్సీ దిగి, బ్యాగులోంచి స్వెట్టరు తీసి తొడుక్కుని రింక్ లోపలికి వెళ్ళేదాన్ని. పాప పుట్టాక ఆ ఉద్యోగం మానేశాను.

ఈ వృత్తిలోకి కొత్తగా వచ్చిన అమ్మాయిలు అప్పుడప్పుడు అడుగుతుంటారు, జట్టుతో పనిచేయడంలో అన్నిటికన్నా కష్టమేమిటి అక్కా అని. కీళ్ళు, కండరాలు, కట్లు, ఇవన్నీ చదువులో ఉన్నవే, చేయగా చేయగా చేతికి వస్తాయి. చదువులో లేనిది ఒకటుంది. ఆడాలని ఉన్న మనిషిని ఆట మధ్యలో బయటికి తీసుకురావడం. ఆ పని చాలామందికి చేశాను. వాళ్ళందరూ మళ్ళీ ఏదో ఒక రోజు ఆటలోకి వెళ్ళారు, ఒక్కరు తప్ప. ఆయన ఆటగాడు కాదు. మా కోచ్.

ఆయనది లద్దాఖ్‌లో ఒక చిన్న ఊరు. చలికాలంలో ఊరి పక్క కుంట గడ్డకడితే రెండు నెలలు ఆట, కరిగితే మళ్ళీ గొర్రెల వెంట తిరగడం. పాత మిలిటరీ బూట్లకు ఇనప పట్టీలు బిగించుకుని నేర్చుకున్నానని చెప్పేవారు. ఆ ఆటే ఆయనను సైన్యంలో చేర్చింది, సైన్యం జట్టులో ఆడించింది, మోకాళ్ళు అరిగాక హవల్దారు పింఛనుతో ఇంటికి పంపింది. తర్వాత దుబాయ్‌లో ఒక మాల్‌కు వచ్చారు. అక్కడి రింక్‌లో చిన్నపిల్లలకు స్కేట్లు తొడిగి, పడిపోకుండా చేతులు పట్టుకుని నడిపించే పని. ఆ నడిపించడం చూసి మా కాలేజీ క్రీడా విభాగం ముదీర్, అంటే మేనేజరు, ఆయనను కోచ్‌గా తెచ్చుకున్నారు. భార్య, టీచరుగా పనిచేసే కూతురు లేహ్‌లోనే ఉండేవారు.

నేను చేరేనాటికి కరోనా తగ్గి రింక్ మళ్ళీ తెరిచారు. అది మూతపడి ఉన్నప్పుడు ఆయన అమ్మాయిలను ఇళ్ళలో మేజోళ్ళతో టైల్స్ మీద జారమని, చీపురు కర్రలతో బంతి కొట్టమని ఫోన్లో నేర్పించారట. ఒకమ్మాయి వాళ్ళ అమ్మ పింగాణీ సామాను సగం పగిలిందని, అయినా ఆ తల్లి కోచ్‌ను ఏమీ అనలేదని జట్టులో ఒక కథ ఉండేది.

ఆట గురించి ఒక్క సంగతి చెప్పాలి, లేకపోతే మిగతాది అర్థం కాదు. మంచు మీద ఒకసారికి అయిదుగురు, వెనక గోల్‌కీపరు. ఆ అయిదుగురూ నిమిషం లోపలే అలిసిపోతారు. అందుకని ఆట ఆగకుండానే మారుతూ ఉంటారు. మిగతావాళ్ళు బెంచీ మీద వరసగా కూర్చుంటే కోచ్ వాళ్ళ వెనక నిలబడి, తర్వాత ఎవరు దిగాలో చెప్తారు. చాలామంది కోచ్‌లు పేర్లు అరుస్తారు. ఈయన అరుస్తూనే కుడి భుజం మీద రెండు వేళ్ళతో తట్టేవారు. తట్టు పడితే లేవాలి. పడకపోతే గోల్ పోతున్నా లేవకూడదు. అది ఆయన నియమం. ఆ బెంచీ వెనక పరిచిన రబ్బరు చాప ఆయన అటూ ఇటూ తిరిగిన చోట ఒక చార లాగా అరిగిపోయి ఉండేది.

నేను చేరిన వారంలోనే జట్టును కూర్చోబెట్టి నన్ను చూపించారు. "నా చెయ్యి పడితే లోపలికి. డాక్టర్ చెయ్యి పడితే బయటికి. నా చెయ్యి కన్నా డాక్టర్ చెయ్యి పెద్దది. ఎదురు మాట్లాడినవాళ్ళకు ఈ సీజన్ ఖలాస్."

"నేను డాక్టర్‌ను కాదు కోచ్ సాబ్, ఫిజియోని" అన్నాను.

"సైన్యంలో కట్టు కట్టేవాళ్ళందరూ డాక్టర్లే బేటీ" అన్నారు.

ఆ నియమానికి పరీక్ష తొందరగానే వచ్చింది. మా కెప్టెన్ ఎమిరాతీ అమ్మాయి, పంతం ఎక్కువ. ఒక మ్యాచ్‌లో రింక్ చుట్టూ ఉండే నడుమెత్తు గోడకు గుద్దుకుని పడింది. లేచింది గానీ నేను చూపించిన వేళ్ళు ఎన్నో చెప్పలేకపోయింది. భుజం మీద చెయ్యి వేశాను. "వల్లాహి, ఒట్టు, నేను బాగానే ఉన్నాను, వదులు" అని నా చెయ్యి విదిలించింది. కోచ్ ఆమె వైపు కూడా చూడలేదు. ఆమె కర్ర తీసుకుని పక్కన పెట్టి, ఇంకొకరి భుజం తట్టారు. ఆమె మంచు దాటి గదికి నడిచి వెళ్తుంటే రెండు జట్లూ కర్రలతో గోడను కొట్టాయి. దెబ్బ తగిలిన మనిషి లేచి నడిచి వెళ్తుంటే ఈ ఆటలో అలా కొడతారు. మన వైపా ఎదుటి వైపా అని చూడరు. ఆ మ్యాచ్ ఓడిపోయాం. కెప్టెన్ నాతో కొన్నాళ్ళు మాట్లాడలేదు. తర్వాత ఒక రోజు ఖర్జూరాల డబ్బా ఒకటి నా బల్ల మీద పెట్టి పోయింది.

మా రింక్‌లో పనిచేసే అందరికీ గొంతు బొంగురే. లోపల గడ్డకట్టే చలి, బయట పొయ్యిలాంటి గాలి, రోజంతా ఆ తలుపు దాటుతూ ఉండాలి. దానికి రింక్ గొంతు అని పేరు కూడా పెట్టుకున్నాం. టికెట్లు ఇచ్చే అమ్మాయికి ఉంది, నాకు ఉంది, మంచును చదును చేసే బండి నడిపే అన్నకూ ఉంది. ఆ అన్నది నిజామాబాద్ దగ్గర పల్లె. అంతకుముందు జెబెల్ అలీ ఓడరేవులో క్రేన్ నడిపాడు. "చెల్లె, మా ఇంట్ల ఫ్రిజ్జు గూడ లేకుండె. ఈడికొచ్చి ఐసు దున్నుతున్న" అని నవ్వేవాడు.

అందుకే కోచ్ గొంతు మారినప్పుడు ఎవరం ఆశ్చర్యపోలేదు. అన్న హిందీలో, "కోచ్ సాబ్, మీ గొంతుకు, నా బండికి ఒక్కసారే సైలెన్సర్ పోయింది" అన్నాడు. కోచ్ కూడా నవ్వారు, ఆ నవ్వులో గాలి తప్ప చప్పుడు లేదు. అన్న గదిలోంచి శొంఠి పొడి తెచ్చాడు. కెప్టెన్ ఇంటి నుంచి జాతర్ ఆకు కాచిన నీళ్ళు, సిద్ర్ తేనె వచ్చాయి. ఫిలిప్పీన్స్ నుంచి వచ్చిన గోల్‌కీపరు అల్లం మిఠాయి ఇచ్చింది. నేను ఆవిరి పట్టమన్నాను. అన్నీ చేశారు. ఇంకెక్కడైనా అయితే అంతకాలం గొంతు పోయిన మనిషిని ఎవరో ఒకరు ఆస్పత్రికి తోలేవాళ్ళు. మా దగ్గర అది ఉద్యోగంలో భాగం.

ఒక సాయంత్రం నీళ్ళు తాగుతూ ఆయన చెయ్యి చెవి మీదికి పోవడం చూశాను. చెవి నొప్పా అని అడిగితే, మింగినప్పుడు లాగుతోంది అన్నారు. గొంతులో జబ్బు చెవిలో నొప్పిగా కనబడడం చదువుకున్నదే. మర్నాడు నేనే వెంట తీసుకెళ్ళాను. పరీక్షల తర్వాత డాక్టర్ చెప్పినదంతా ఆయన నిటారుగా కూర్చుని విన్నారు. స్వరపేటికలో క్యాన్సర్. పేటిక మొత్తం తీసేయాలి. మెడ ముందు ఒక రంధ్రం, ఊపిరి ఇక అక్కడి నుంచే. మాట ఉండదు. ఆలస్యం చేయొద్దు.

ఆస్పత్రి క్యాంటీన్‌లో టీ ముందు పెట్టుకుని ఆయన గుసగుసగా అన్నారు. "ఇంకో రెండు మ్యాచ్‌లు గెలిస్తే ఫైనల్. అది అయ్యాక చేయించుకుంటాను బేటీ."

"ఆగకూడదన్నారు కదా కోచ్ సాబ్."

"మాట లేని కోచ్‌ను ఎవరు పెట్టుకుంటారు? ఉద్యోగం పోతే వీసా పోతుంది. వీసా పోతే ఈ ఆస్పత్రీ లేదు." టీ మీద మీగడ వేలితో తీసి పక్కన పెట్టారు. "అదీ కాదు. ఆఖరు మ్యాచ్ వాళ్ళ వెనక నిలబడాలి. అంతే నాకు కావలసింది."

ఈ సంగతి కెప్టెన్‌కు నేనే చెప్పాను. మర్నాడు ప్రాక్టీసుకు అమ్మాయిలందరూ హెల్మెట్లతో సహా తయారై బెంచీ మీద కూర్చున్నారు. కోచ్ వచ్చి మొదటి అమ్మాయి భుజం తట్టారు. ఆమె లేవలేదు. రెండో అమ్మాయి లేవలేదు. చివరిదాకా తట్టుకుంటూ వెళ్ళారు. ఒక్కరూ కదలలేదు. అన్న మంచు మీద బండి ఆపి చూస్తున్నాడు.

కెప్టెన్ తల తిప్పకుండానే చెప్పింది. "మీరు ఆపరేషన్‌కు వెళ్తేనే మేము దిగుతాం కోచ్. లేకపోతే ఫైనల్ ఎవరికి కావాలంటే వాళ్ళకు ఇచ్చేయండి."

"ఇది నియమం కాదు" అన్నారు ఆయన, వినీ వినపడకుండా.

"కాదు. సీజన్ ఖలాస్ చేయండి మరి."

ఆయన చెయ్యి వెనక్కి తీసుకున్నారు. తర్వాత నా వైపు చూసి తల ఊపారు.

ఆపరేషన్‌కు లేహ్ నుంచి కూతురు వచ్చింది. బాగానే జరిగింది. మాట పోయింది. ఆయన కోలుకుంటుండగానే జట్టు రెండు మ్యాచ్‌లు అసిస్టెంట్ కోచ్‌తో ఆడి గెలిచి ఫైనల్‌కు చేరింది. ఫైనల్‌కు ముందు వారం ముదీర్ నన్ను పిలిచారు. "ఆయన బెంచీ దగ్గర ఉంటానంటున్నారు. నువ్వు పక్కన ఉండి బాధ్యత తీసుకుంటానంటే నేను అడ్డు చెప్పను సిస్టర్."

కోచ్‌కు ఆపరేషన్ చేసిన డాక్టర్‌ను అడిగాను. చల్లని పొడిగాలి ముక్కు దాటకుండా నేరుగా ఊపిరితిత్తుల్లోకి పోతుంది, మంచిది కాదు, తప్పదంటే మొదటి భాగం వరకు అన్నారు. ఐస్ హాకీ మూడు భాగాలు. కోచ్‌కు చెబితే ఒక వేలు చూపించి, సరేనని గుండె మీద చెయ్యి పెట్టుకున్నారు.

ఆ రోజు మెడ చుట్టూ భార్య అల్లిన ఉన్ని మఫ్లర్ వదులుగా చుట్టుకుని వచ్చారు. దాని కింద రంధ్రం మీద చిన్న ఫిల్టరు. ఏమీ చెప్పలేరు కాబట్టి అమ్మాయిలు ఆయన ముఖం వంకే చూస్తున్నారు. ఆయన రబ్బరు చాప మీద తన చారలో తను నిలబడ్డారు. ఆట మొదలైంది. రింక్ నిండా అరుపులు, ఎదుటి బెంచీ నుంచి పేర్లు, ఈలలు. మా బెంచీ మాత్రం మౌనంగా ఉంది. భుజం మీద రెండు వేళ్ళు, ఒకమ్మాయి గోడ దాటడం, ఇంకొకమ్మాయి వచ్చి కూర్చోవడం. మా జట్టు అంత బాగా ఆడగా నేను ఎప్పుడూ చూడలేదు.

మొదటి భాగం ముగిసింది. రెండు జట్లకూ చెరో గోల్. నేను ఆయన వైపు చూశాను. ఆయన చేతులు జోడించారు. అరవై దగ్గరపడిన మనిషి, నాకు. ఊపిరి చూశాను, వేళ్ళ రంగు చూశాను. బాగానే ఉన్నాయి. సరే, కొంచెంసేపు అన్నాను.

రెండో భాగం మధ్యలో దగ్గు మొదలైంది. చప్పుడు లేని దగ్గు, భుజాలు మాత్రం ఎగురుతున్నాయి. అయినా చెయ్యి ఆగలేదు. అప్పుడే ఒకమ్మాయి మంచు మీద నుంచి వచ్చి కూలబడింది, నోరు తెరుచుకుని ఆయాసపడుతోంది. ఆయన వేళ్ళు మళ్ళీ ఆమె భుజం మీదే పడ్డాయి. ఆమె తల ఎత్తి చూడలేదు. ప్రశ్న వేయలేదు. కాళ్ళు వణుకుతుండగానే లేచి గోడ పట్టుకుంది.

అలాంటి పొరపాటు ఆయన జన్మలో చేయరు. ముఖం చూశాను. పెదవులు నీలంగా ఉన్నాయి.

ఆ అమ్మాయిని వెనక్కి లాగి కూర్చోబెట్టాను. తర్వాత ఆయన భుజం మీద నా చెయ్యి వేశాను.

ఆయన ఒక్కసారి నా చేతి వంక చూశారు. కెప్టెన్ విదిలించినట్టు విదిలిస్తారని భయపడ్డాను. నిజం చెప్పాలంటే విదిలిస్తే బాగుండునని కూడా అనిపించింది. ఆయన విదిలించలేదు. ఎత్తులు గీసి చూపించే చిన్న బోర్డు అసిస్టెంట్ కోచ్‌కు ఇచ్చి, చాప మీద నుంచి దిగారు.

మా రింక్‌లో బెంచీ నుంచి గదులకు మంచు దాటి వెళ్ళాలి. రెఫరీ ఈల వేసి ఆట ఆపాడు. బూట్లతో మంచు మీద ఆయన, ఆయన మోచెయ్యి పట్టుకుని నేను. సగం దూరం వెళ్ళేసరికి ఎదుటి జట్టు బెంచీ నుంచి ఒక కర్ర గోడను కొట్టింది. తర్వాత ఇంకొకటి. తర్వాత రెండు వైపులా అన్నీ. ఆ చప్పుడు పైకప్పు దాకా లేచింది. ఆయన తల వంచుకునే నడిచారు.

గదిలో ఫిల్టరు తీసి, ఉప్పునీటి చుక్కలు వేసి, ఎండి అడ్డుపడ్డ కఫం తీశాను. కాసేపటికి పెదవుల రంగు తిరిగివచ్చింది. ఆయన గోడ వైపు చెవి పెట్టి కూర్చున్నారు. అన్న తలుపు సందులోంచి తల పెట్టి, "చెల్లె, మనోళ్ళు ఇంకోటి కొట్టిన్రు. చెప్పు సాబ్‌కి" అన్నాడు. చెప్పాను. ఆయన కళ్ళు మూసుకుని తల ఊపారు. మరి చాలాసేపు అన్న రాలేదు. వచ్చినప్పుడు టోపీ చేతిలో ఉంది. "పోయింది చెల్లె. ఒక్కదానితోని పోయింది." అది నేను హిందీలో చెప్పనక్కరలేకపోయింది.

అమ్మాయిలు ఏడుస్తూ వచ్చారు. మ్యాచ్ తర్వాత ఆయన ఎప్పుడూ మాట్లాడేవారు, ఓడినా గెలిచినా. ఆ రోజు అందరూ అలవాటుగా ఎదురు చూశారు. ఆయన లేచి ఒక్కొక్కరి దగ్గరికి వెళ్ళి భుజం తట్టారు. మళ్ళీ లేవండి అన్నట్టు. కెప్టెన్ దగ్గర ఆగినప్పుడు ఆమె హెల్మెట్ తీయలేదు, ముఖం కనబడకూడదని.

కోచ్ కాంట్రాక్టు పొడిగించలేదు. ముదీర్ చెడ్డమనిషి కాదు. "పైవాళ్ళను అడిగాను సిస్టర్, నా చేతిలో లేదు" అని నాకు కూడా సంజాయిషీ చెప్పారు. వీసా రద్దయింది, ఆస్పత్రి కార్డు ఆగిపోయింది. మిగిలిన వైద్యం ఢిల్లీలో చేయించుకుంటానని కోచ్ కాగితం మీద రాసి చూపించారు. చేయించుకున్నారు. అయినా జబ్బు ఊపిరితిత్తులకు పాకింది.

తర్వాతి చలికాలం కూతురు ఒక వీడియో పంపింది. గడ్డకట్టిన కుంట ఒడ్డున కుర్చీలో, రెండు కంబళ్ళు కప్పుకుని ఆయన. ముందు చెక్క మీద పిల్లలు వరసగా కూర్చున్నారు. కంబళి సందులోంచి చెయ్యి వస్తోంది, ఒక భుజం మీద పడుతోంది, ఒక పిల్లవాడు దిగి జారుతూ పోతున్నాడు. ఆ మంచు కరగకముందే ఆయన పోయారు. కబురు వచ్చిన రోజు అన్న రింక్‌లో బండి నడుపుతూ మా బెంచీ ముందుకు వచ్చేసరికి ఆపేసి, దిగి, కాసేపు నిలబడి మళ్ళీ ఎక్కాడట. కెప్టెన్ చెప్పింది.

అప్పటికి మా పాప పుట్టింది. వారమంతా ఇంట్లో నేనూ అదీ. ఏసీ గాలికి అది ఒక్కసారి దగ్గినా ముక్కు దగ్గర వేలు పెట్టి చూస్తాను. ఊపిరి వెచ్చగా తగిలితే తప్ప పక్కకు తిరగలేను. అలా మేలుకున్నప్పుడు ఆ రెండో భాగం గుర్తుకొస్తుంది. ఆయనకు ఇంత తక్కువే మిగిలి ఉందని తెలిసి ఉంటే ఆ చెయ్యి వేసేదాన్నా? ఆయన కోరుకున్నది ఆ మ్యాచ్ చివరిదాకా ఆ చాప మీద నిలబడడమే. నేను వేయకపోతే ఆ బెంచీ వెనకే కుప్పకూలేవారు, అది నాకు తెలుసు. తెలిసినా ఆ ప్రశ్న పోదు. ఈ పనిలోకి వచ్చే మీలో ఎవరికైనా ఇలాంటి రోజు వస్తే చెయ్యి వేయండి, వేయాలి. కానీ వేసినందుకు మనసు తేలికపడుతుందని మాత్రం నేను చెప్పలేను.

ఆయన ఇండియాకు తిరిగి వెళ్ళిపోయిన రోజు ఎయిర్‌పోర్టు సంగతి చివరికి ఉంచాను. కెప్టెన్ కారు నడిపింది. అన్న డ్యూటీ మార్చుకుని వచ్చాడు. అమ్మాయిలు ఆయన నేర్పినట్టు లద్దాఖీలో "జూలే" అని వీడ్కోలు చెప్పారు. ఆయన అందరి భుజాలూ తట్టి, సామాను తోసుకుంటూ లోపలికి నడిచారు. నేను ఒక పక్కగా నిలబడ్డాను. మూడో నెల నాకు, ఇంకా ఎవరికీ చెప్పలేదు. ఉద్యోగం ఎలా, ఒక్కదాన్నే పెంచడం ఎలా అన్న దిగులు అప్పటికే పట్టుకుంది. ఆయన ముందు నిలబడే ధైర్యం కూడా లేదు, బయటికి పంపినదాన్ని కదా.

గేటు దాకా వెళ్ళినవారు సామాను బండి వదిలేసి వెనక్కి వచ్చారు. నేరుగా నా దగ్గరికి. మఫ్లర్ సర్దుకుని, నా కుడి భుజం మీద రెండు వేళ్ళతో తట్టారు. తట్టి, నేను లేస్తానా లేదా అని చూసే అదే చూపు చూసి వెళ్ళిపోయారు.

అన్నాళ్ళూ ఆ బెంచీ చివర మందుల సంచీతో కూర్చున్నాను. ఆయన చెయ్యి నా భుజం మీద పడింది ఆ ఒక్కసారే.

కొత్త సీజన్‌కు రమ్మని ముదీర్ రెండుసార్లు ఫోన్ చేశారు. రెండుసార్లూ పాప చిన్నదన్నాను. మూడోసారి సరేనన్నాను. సోమవారం పాపను మొదటిసారి క్రెష్‌లో దించాలి. దాని పాలసీసా పక్కనే నా స్వెట్టరు మడిచి పెట్టాను. భయం తగ్గి కాదు. తట్టు పడ్డాక కూర్చోకూడదు.